ప్రభుత్వ బిల్లు ఆగిపోయిందా? సమాధాన్‌లో దరఖాస్తు, సెక్షన్ 80 నోటీసు ఎలా ఇవ్వాలి

పని పూర్తయింది. ఎంబుక్‌లో (పని కొలతలు రాసే పుస్తకంలో) రికార్డయింది, బిల్లు పీఏవోకు (పే అండ్ అకౌంట్స్ ఆఫీసుకు) చేరింది, టోకెన్ నంబరు కూడా పడింది. డబ్బు మాత్రం రాలేదు. "బడ్జెట్ రిలీజ్ కాగానే వేస్తాం" అన్న మాట నమ్మి చాలామంది ఏళ్లు గడిపేస్తారు. నిధులు లేవన్నంత మాత్రాన బాకీ తీరిపోదు. కానీ మీరు కోర్టుకు వెళ్లే గడువు మాత్రం కరిగిపోతూనే ఉంటుంది.

ముందు మీరు చేసింది ఏ రకం పనో చూసుకోండి. ఫర్నిచర్, పైపులు, కంప్యూటర్ల సరఫరా, హౌస్‌కీపింగ్, సెక్యూరిటీ లాంటి సేవలైతే 2006 ఎంఎస్‌ఎంఈడీ చట్టం (సూక్ష్మ, చిన్న, మధ్యతరహా సంస్థల అభివృద్ధి చట్టం) మీకు పెద్ద అండ. రోడ్లు, డ్రైన్లు, భవనాల్లాంటి సివిల్ వర్కులు ఈ చట్టం కిందికి వస్తాయా రావా అన్నదానిపై హైకోర్టుల తీర్పులు ఒకేలా లేవు. రావన్న తీర్పులు చాలానే ఉన్నాయి. అందుకే వర్క్స్ కాంట్రాక్టర్లు ఈ చట్టం కింద బకాయిల దరఖాస్తు కోసం కేంద్రం తెచ్చిన ఆన్‌లైన్ పోర్టల్ సమాధాన్ ఒక్కదాన్నే నమ్ముకోవద్దు.

సమాధాన్ దరఖాస్తు

ఈ చట్టం కింద బకాయి అడిగే హక్కు సూక్ష్మ, చిన్న సంస్థలకే ఉంది. 2025 ఏప్రిల్ 1 నుంచి చిన్న సంస్థ అంటే పెట్టుబడి 25 కోట్లు, టర్నోవర్ 100 కోట్లు మించనిది. మధ్యతరహా సంస్థలకు ఇది వర్తించదు. కొని అమ్మే వ్యాపారులకు ఉద్యం నంబరు (ఇలాంటి సంస్థగా నమోదైనట్టు కేంద్రం ఇచ్చే నంబరు) ఇచ్చినా, అది బ్యాంకు రుణాల వరకే. సరఫరా అయ్యాక తీసుకున్న ఉద్యం నంబరు పాత బిల్లులకు పనికిరాదని సుప్రీంకోర్టు 2021, 2022లో చెప్పింది. 2025లో ఈ అంశాన్ని విస్తృత ధర్మాసనానికి పంపినా, ఎదుటి పక్షం లేవనెత్తే మొదటి అభ్యంతరం ఇదే.

ఉద్యం నంబరు, దానికి లింకైన మొబైల్‌కు వచ్చే ఓటీపీతో పోర్టల్‌లోకి వెళ్లాలి. 2025 జూన్‌లో కేంద్రం ఇదే పనికి ఎంఎస్‌ఎంఈ ఓడీఆర్ పోర్టల్‌ను తెచ్చింది, కొత్త దరఖాస్తు ఎక్కడ పెట్టాలో ముందు చూసుకోండి. వర్క్ ఆర్డర్, ఇన్‌వాయిస్‌లు, సరకు అందినట్టు సంతకమైన చలానా, మీరు రాసిన డిమాండ్ లెటర్లు అప్‌లోడ్ చేయాలి. ఒక్కో వర్క్ ఆర్డర్‌కు విడిగా దరఖాస్తు పెడితే లెక్క తేటగా ఉంటుంది. దరఖాస్తు మీ రాష్ట్ర ఫెసిలిటేషన్ కౌన్సిల్‌కు (ఈ బకాయి వివాదాలు తేల్చే సంస్థకు) వెళ్తుంది. ముందు రాజీ ప్రయత్నం, కుదరకపోతే ఆర్బిట్రేషన్ (మధ్యవర్తి తీర్పు). చట్టంలో గడువు 90 రోజులే అయినా ఆచరణలో ఇంకా ఎక్కువే పడుతుంది.

అసలు కీలకం అంగీకార తేదీ. సరకు లేదా సేవ అందిన 15 రోజుల్లో శాఖ రాతపూర్వకంగా అభ్యంతరం చెప్పకపోతే, అందిన రోజే అంగీకరించినట్టు. అక్కడి నుంచి ఒప్పందంలో రాసుకున్న తేదీలోగా చెల్లించాలి, ఏం రాసుకున్నా అది 45 రోజులు దాటకూడదు. ఏమీ రాసుకోకపోతే 15 రోజులే. తేదీ, స్టాంపు లేని చలానాతో వెళ్తే వడ్డీ ఎప్పటి నుంచన్న దగ్గరే కేసు చిక్కుపడుతుంది.

వడ్డీ ఆర్బీఐ ప్రకటించే బ్యాంక్ రేటుకు మూడింతలు, నెలనెలా చక్రవడ్డీ. 2023 ఫిబ్రవరి నుంచి 2025 ఫిబ్రవరి దాకా బ్యాంక్ రేటు 6.75 శాతం, అంటే వడ్డీ 20.25 శాతం. ఆ రేటున 10 లక్షల బిల్లు ఏడాది ఆగితే వడ్డీయే సుమారు 2 లక్షల 22 వేలు. "ఆలస్యానికి వడ్డీ ఇవ్వం" అని అగ్రిమెంట్‌లో ఉన్నా ఈ వడ్డీ ఆగదు. కౌన్సిల్ అవార్డును (తీర్పును) సవాలు చేయాలంటే శాఖ ముందుగా అందులోని మొత్తంలో 75 శాతం జమ చేయాలి.

సివిల్ వర్కులకు సెక్షన్ 80 నోటీసు

సివిల్ ప్రొసీజర్ కోడ్ ప్రకారం ప్రభుత్వంపై దావాకు ముందు రెండు నెలల నోటీసు ఇవ్వాలి. దాన్ని ఈఈకి (ఎగ్జిక్యూటివ్ ఇంజనీరుకు) పంపి ఊరుకుంటే చాలదు. రాష్ట్ర ప్రభుత్వ కార్యదర్శికి లేదా జిల్లా కలెక్టర్‌కు అందాలి, దావాలో ప్రతివాదిగా రాష్ట్రమే ఉండాలి. నోటీసులో మీ పేరు, చిరునామా, అగ్రిమెంట్ నంబరు, పని పూర్తయిన తేదీ, ఎంబుక్ నంబరు, పేజీలు, రావలసిన మొత్తం, కోరుతున్న వడ్డీ రాయండి. అగ్రిమెంట్ వడ్డీని నిషేధించకపోతే, వడ్డీ అడుగుతూ ఇచ్చిన రాతపూర్వక నోటీసు తేదీ నుంచి వడ్డీ కోరే వీలు 1978 వడ్డీ చట్టంలో ఉంది. ఎంబుక్ నకలు ఇవ్వకపోతే సమాచార హక్కు చట్టం కింద అడగండి.

ఎక్కువ మంది దెబ్బతినేది గడువు దగ్గరే. చెల్లింపు తేదీ రాసుకోని పనికి మూడేళ్లు లెక్క మొదలయ్యేది బిల్లు పాసైన రోజు నుంచి కాదు, పని పూర్తయిన రోజు నుంచి. నోటీసు ఇచ్చిన రెండు నెలలు ఆ లెక్కలో కలపరు. మూడేళ్లు దాటకముందే "ఇంత మొత్తం పెండింగ్" అని అధికారి సంతకంతో లేఖ వస్తే గడువు మళ్లీ మొదటి నుంచి లెక్కిస్తారు. నోటి మాటకు ఆ విలువ లేదు. ఆ లేఖ కోసం అడుగుతూనే ఉండండి.

మొత్తంపై వివాదం లేకుండా, శాఖే ఒప్పుకున్న బిల్లయితే హైకోర్టులో రిట్ (చెల్లించమని శాఖను ఆదేశించాలని కోరే పిటిషన్) వేయొచ్చు. కొలతల్లోనో నాణ్యతలోనో తగాదా ఉంటే మాత్రం సివిల్ కోర్టుకే పొమ్మంటారు.

మధ్యలో శాఖ అసలు మాత్రం ఇచ్చి "ఫుల్ అండ్ ఫైనల్" రసీదు అడుగుతుంది. డబ్బు తీసుకోండి, రసీదులో మాత్రం "వడ్డీ హక్కు వదులుకోకుండా" అని రాసి సంతకం చేయండి. ఒప్పుకోకపోతే అదే మాట ఆ రోజే స్పీడ్ పోస్టులో పంపి, అందినట్టు రుజువు దాచుకోండి.