మహిమగల ఉత్సవ వస్త్రం కథలో పని చేయనప్పుడు: సమస్య – పరిష్కారం

కల్పిత లోకాల కథలు రాసే కొత్త రచయితలు సలహా కోసం ఇచ్చే రాతప్రతుల్లో నాకు తరచుగా ఒకే చిక్కు ఎదురవుతుంది. పట్టాభిషేకం నాడు రాకుమారి కప్పుకునే ఉత్తరీయం, యాగానికి కూర్చునే పూజారి కట్టుకునే పంచె కథకు ఆయువుపట్టు కావలసింది పోయి ఉత్త అలంకారంగా మిగిలిపోతాయి. లోపం ఊహాశక్తిలో ఉండదు. బట్ట ఎలా తయారవుతుందో, ఎలా కడతారో, ఎలా పాతబడుతుందో ఆలోచించకపోవడంలోనే ఉంటుంది. ఆ లోపాలు పైకి ఎలా కనిపిస్తాయో, వాటిని ఎలా సరిదిద్దుకోవచ్చో కింద వివరిస్తున్నాను.

సమస్య: వస్త్రం కట్టుకోగానే శక్తి వస్తుంది, కానీ పాఠకుడికి నమ్మకం కుదరదు.

కారణం: ఆ వస్త్రానికి పుట్టుక లేదు. దేవతలు ఇచ్చారని ఒక్క ముక్కలో తేల్చేస్తే, అది ఎవరి చేతుల మీదుగా, ఎంత శ్రమతో తయారైందో తెలియదు కనుక దాని మహిమకు విలువ కట్టే వీలు పాఠకుడికి ఉండదు.

పరిష్కారం: మహిమను తయారీలోని ఒక నిర్దిష్టమైన పనికి ముడిపెట్టండి. ఇందుకు శ్రీకాళహస్తి కలంకారీని మించిన పాఠం నాకు కనిపించలేదు. ముందుగా నూలుబట్టను కరక్కాయ పొడి, పాలు కలిపిన నీళ్లలో నానబెట్టి ఆరబెడతారు. తుప్పు పట్టిన ఇనుపముక్కలను బెల్లం నీళ్లలో కొన్ని వారాలు పులియబెట్టి కసిమి తయారుచేస్తారు. కొనకు పైన గుడ్డ చుట్టిన వెదురు కలాన్ని అందులో ముంచి, ఆ చుట్టను వేళ్లతో మెల్లగా నొక్కుతూ గీస్తారు. కుండలో పలచగా ఉన్న ఆ ద్రవం బట్టలోని కరక్కాయ వగరు తగలగానే నల్లబడుతుంది. ఎరుపు కావలసిన చోట ముందు పటిక నీళ్లు పూస్తారు. అప్పటికి అక్కడ రంగేమీ కనిపించదు. ఆ తర్వాత బట్టను రంగునిచ్చే మొక్కల వేళ్లతో కలిపి ఉడికిస్తే, పటిక పట్టిన మేరకే ఎరుపు నిలుస్తుంది.

ఇందులో మంత్రం లేదు, అంతా రసాయనమే. అయినా మొదటిసారి చూసేవారికి ఒళ్లు జలదరిస్తుంది. దీనిని మీ లోకానికి అన్వయించుకుంటే, పట్టాభిషేక వస్త్రం మీద పటిక వంటి ద్రవంతో రాసిన అక్షరాలు తరతరాలుగా ఎవరి కంటా పడకుండా ఉండి, అర్హత గల రాణి తలపై పోసిన అభిషేకజలం తగిలినప్పుడే ఎరుపెక్కవచ్చు. ఎన్నో పుటల ముందే అద్దకందారు పటిక పూయడం చూసిన పాఠకుడు ఆ ఎరుపును నమ్ముతాడు.

శ్రమకు మూల్యం కూడా చూపించండి. పోచంపల్లి నేతలో చిటికీలు, అంటే రంగు అంటకుండా నూలుకు వేసే ముడులు, కట్టడానికి ముందు ఆసు పోయాలి, అంటే ఒక్కొక్క చీరకు వేలసార్లు చేయి చాచి మేకుల చుట్టూ నూలు తిప్పాలి. తల్లి భుజం నొప్పి చూడలేక చింతకింది మల్లేశం ఆసు యంత్రాన్ని రూపొందించారు. ఆయనకు 2017లో పద్మశ్రీ లభించింది. మీ మాయావస్త్రాన్ని నేసిన మనిషి భుజం ఏమైందో ఒక్క వాక్యంలోనైనా చెప్పారా?

సమస్య: ఎవరు కట్టుకున్నా, ఎప్పుడు కట్టుకున్నా వస్త్రం పని చేస్తుంది, అందువల్ల కథలో బిగువు ఉండదు.

కారణం: కట్టుకోవడానికి నియమం లేదు.

పరిష్కారం: మడిబట్టను గుర్తుచేసుకోండి. దానిని తడిపి, పిండి, ఎవరి చేయీ తగలని చోట ఆరవేస్తారు. కట్టుకున్నాక ఎవరైనా తాకితే మళ్లీ మొదటికి రావలసిందే. బట్ట అదే, దారం అదే, ఒక్క స్పర్శతో దాని స్థితి మారిపోతుంది. అయితే ఇటువంటి నియమం మన సమాజంలో కొందరిని గడప అవతల నిలబెట్టిన మాట కూడా నిజం. కనుక మీ లోకంలో ఆ నియమం ఎవరిని బయట ఉంచుతోందో, వారు దాని గురించి ఏమనుకుంటున్నారో రాయకుండా వదిలేయవద్దు. అలాగే వస్త్రాన్ని విడవడం ఎంత కష్టమో నిర్ణయించండి. కర్ణుడి కవచం ఒంటితో పుట్టింది కనుకనే దానిని కోసి ఇవ్వడం అంత పెద్ద దానమైంది.

సమస్య: ఉత్సవ సన్నివేశం నగల దుకాణం జాబితాలా ఉంటుంది.

కారణం: రచయిత వస్త్రాన్ని కళ్లతో మాత్రమే చూశాడు, చేత్తో పట్టుకోలేదు.

పరిష్కారం: బరువు, చప్పుడు, గరుకు రాయండి. వస్త్రం ఎవరి ఒంటిమీదకు చేరకముందే దానికి దక్కే మర్యాద చూపించండి. తిరుమల బ్రహ్మోత్సవాలకు రాష్ట్ర ప్రభుత్వం తరఫున పట్టువస్త్రాలు సమర్పించేటప్పుడు వాటిని పళ్లెంలో పెట్టి తలమీద మోసుకువెళతారు. పదవిలో ఎంత పెద్దవారైనా ఆ కాసేపు వస్త్రం వారికంటే ఎత్తులో ఉంటుంది. ఈ ఒక్క దృశ్యం పది వాక్యాల వర్ణన చేయలేని పని చేస్తుంది.

సమస్య: వస్త్రాల పేర్లన్నీ ఒకేలా వినిపిస్తాయి.

కారణం, పరిష్కారం: ప్రతిదానికీ దివ్య, మహా, అంబరం తగిలించడమే దీనికి కారణం. నేతగాళ్లు కంటికి కనిపించే వాటి పేర్లే పెడతారు: రుద్రాక్ష అంచు, కోటకొమ్మ అంచు, మామిడిపిందె బుటా. మీ లోకంలోని చెట్టో, పిట్టో, కోటగోడో పేరుగా పెట్టండి.

సమస్య: వెయ్యేళ్ల నాటి వస్త్రం నిన్న మగ్గం దించినట్లు ఉంటుంది.

కారణం: మహిమ అంటే పాతబడకపోవడం అన్న అపోహ.

పరిష్కారం: అసలైన జరీ అంటే పట్టుదారం చుట్టూ వెండి తీగను చుట్టి బంగారు పూత పూసినది. పూత అరిగిన చోట గాలి తగిలి వెండి నల్లబడుతుంది. పట్టుచీరను ఏళ్ల తరబడి ఒకే మడతలో ఉంచితే మడత వెంబడి చిరుగుతుంది. అందుకే మా ఇంట్లో పెద్దవాళ్లు అప్పుడప్పుడు చీరలను బయటికి తీసి, నీడపట్టున ఆరవేసి, పాత గీత మీద పడకుండా కొత్తగా మడత పెట్టేవారు. మీ రాజభవనంలోనూ ఆ పనికి ఒక మనిషిని పెట్టండి. రాజులు మారినా ఆమె మాత్రం ఏటా అదే పెట్టె తెరిచి, నల్లబడిన అంచును వేలితో తడిమి, వస్త్రంలో మహిమ ఇంకా ఎంత మిగిలిందో కొత్త రాజుకంటే ముందు తెలుసుకుంటుంది.