విశ్రాంతి లెక్క చివరి మనిషి కూర్చున్నాకే మొదలుపెట్టండి

కొండ ఎక్కే బృందాన్ని నడిపిస్తున్నారా? ఈసారి ఒక్క విషయం గమనించండి. ముందు నడిచేవాళ్లు మలుపు దగ్గర ఆగి, నీళ్లు తాగి, పది నిమిషాలు తీరిగ్గా కూర్చుంటారు. వెనకబడిన మనిషి రొప్పుతూ వచ్చి భుజం మీది సంచి దించబోయేసరికి "అందరూ వచ్చేశారు, ఇక పదండి" అని లేస్తారు. విశ్రాంతి ఎవరికి ఎక్కువ అవసరమో సరిగ్గా వారికే అది దక్కదు! మూడో మలుపుకల్లా ఆ మనిషి నీళ్లు అడగడానికి కూడా మొహమాటపడతారు. అది చూస్తే నాకు మనసు చివుక్కుమంటుంది.

అందుకే చివరివారు కూర్చున్నాకే "ఇప్పటి నుంచి పది నిమిషాలు" అని పైకి చెప్పండి. లేచాక వారిని మీ వెనకే రెండో స్థానంలో నడవమనండి. వారి ఊపిరి మీకు వినిపిస్తుంది, మీ అడుగు దానంతటదే నెమ్మదిస్తుంది. చిట్టచివర అనుభవం ఉన్న ఒకరు ఉండాలి.

సమయం అంచనాకు చాలామంది స్కాట్లండ్ పర్వతారోహకుడు విలియం నైస్మిత్ 1892లో చెప్పిన లెక్క వాడతారు: గంటకు సుమారు 5 కిలోమీటర్లు, ఎక్కే ప్రతి 600 మీటర్ల ఎత్తుకు మరో గంట. అది దారుఢ్యం ఉన్నవారి నడక, విరామాలు అందులో లేవు. మీ బృందానికి ఇంకా సమయం కలపండి.

ఇంకొకటి. "ఎవరికైనా ఇబ్బంది ఉందా?" అని అందరి ముందు అడిగితే ఎవరూ నోరు విప్పరు. మోకాలి నొప్పి, నెలసరి, వినికిడి సమస్య వంటివి విడిగా అడిగితేనే చెబుతారు, అదీ బయలుదేరే ముందు రోజే అడగాలి.