స్కిన్ గ్రాఫ్ట్ అయ్యాక: రెండు పుండ్లనీ చూసుకునే పద్ధతి

స్కిన్ గ్రాఫ్ట్ ఆపరేషన్ అయ్యాక ఇంటిల్లిపాదీ కొత్త చర్మం వేసిన చోటు గురించే టెన్షన్ పడతారు. కానీ పేషెంట్‌కి ఇప్పుడు రెండు పుండ్లున్నాయి. కాలి గానీ దెబ్బ తగిలి గానీ చర్మం పోయిన చోటు ఒకటి, దాని మీద వేయడానికి చర్మం తీసిన చోటు రెండోది. రెండోది ఎక్కువగా తొడ మీద ఉంటుంది. వీటిని చూసుకునే పద్ధతులు వేరు, ఒకదానికి చేసేది రెండోదానికి చేస్తే పని చెడుతుంది.

సాధారణంగా చేసేది పలుచటి గ్రాఫ్ట్. డెర్మటోమ్ అనే పరికరంతో తొడ మీది చర్మాన్ని పావు మిల్లీమీటరు, కాస్త అటూ ఇటూ మందంలో తీస్తారు. అంటే పైపొర మొత్తం, లోపలి పొరలో కొంత వస్తుంది. వెంట్రుకల కుదుళ్లు కిందే మిగిలిపోతాయి కాబట్టి వాటిలోని కణాలు పైకి పాకి అక్కడ చర్మం దానంతటదే కట్టుకుంటుంది, కుట్లు అక్కర్లేదు. ముఖం, వేళ్ల లాంటి చోట్లకి మాత్రం చాలాసార్లు చెవి వెనక నుంచో గజ్జల్లోంచో పూర్తి మందం చర్మం తీసి, తీసిన చోట కుట్లు వేసేస్తారు. మీకు ఏది చేశారో డిశ్చార్జ్ అయ్యేలోపే అడిగి తెలుసుకోండి, ఎందుకంటే ఇకపై చెప్పేది ముఖ్యంగా పలుచటి గ్రాఫ్ట్ గురించి.

మొదటి వారం మొత్తం గ్రాఫ్ట్ కదలకుండా చూడటమే మీ పని. వేసిన చర్మానికి మొదటి ఒకటి రెండు రోజులు సొంత రక్త సరఫరా ఉండదు, కింద పుండులో ఊరే ద్రవాన్ని పీల్చుకునే బతుకుతుంది. తర్వాత కింది రక్తనాళాలు దానిలోని నాళాలతో కలవడం మొదలవుతుంది, వారం తిరిగేసరికి రక్తం బాగా ఆడుతుంది. ఈలోపు చర్మం కొంచెం జరిగినా, దాని కింద రక్తమో నీరో చీమో చేరినా ఆ అతుకు తెగిపోయి ఆ మేరకు చర్మం చచ్చిపోతుంది. అంత బిగించి కట్టు కట్టేది, కీలు దగ్గరైతే సిమెంటు పట్టీ కూడా వేసేది ఇందుకే. ఎలా ఉందో చూద్దామని కట్టు అంచు ఎత్తి తొంగి చూసేవాళ్లుంటారు, దయచేసి ఆ పని చేయకండి. గ్రాఫ్ట్ కాలికి వేస్తే పడుకున్నప్పుడు దిండ్లు పెట్టి కాలు ఎత్తులో ఉంచండి, కుర్చీలో కూర్చుని కిందికి వేలాడేయొద్దు, ఎప్పుడు నడవాలో డాక్టరే చెప్పాలి. సిగరెట్ పూర్తిగా మానేయాలి, నికోటిన్ సన్నటి రక్తనాళాలని ముడుచుకుపోయేలా చేస్తుంది. షుగర్ ఉంటే కంట్రోల్‌లో ఉంచుకోవాలి, తిండిలో ప్రొటీన్ తగ్గకూడదు. జ్వరం వచ్చినా, కట్టులోంచి దుర్వాసన వచ్చినా, నొప్పి తగ్గాల్సింది పోయి పెరుగుతున్నా, వేళ్లు చల్లబడి తిమ్మిరెక్కినా తెల్లారేదాకా ఆగకుండా ఆసుపత్రికి ఫోన్ చేయండి.

చాలాచోట్ల ఐదో రోజు ప్రాంతంలో మొదటి కట్టు విప్పుతారు. గులాబీ రంగులో, కిందికి అతుక్కుని ఉంటే గ్రాఫ్ట్ పట్టినట్టే. ఊదా రంగు మచ్చలు కనిపించినా, పైన సన్నటి పొర ఊడినా కంగారు పడకండి, అలాంటి చోట్ల కింద చర్మం బతికే ఉండొచ్చు. నల్లగా గట్టిపడితే ఆ ముక్క పట్టలేదని అర్థం, చిన్న ముక్కైతే అంచుల నుంచి మెల్లగా మానిపోతుంది. వలలా చిల్లులు పెట్టి సాగదీసిన గ్రాఫ్ట్ అయితే ఆ గళ్ల గుర్తులు తర్వాత కూడా కనిపిస్తాయి, ఈ సంగతి ముందే చెప్పే తీరిక డాక్టర్లకి ఎప్పుడూ ఉండదు.

ఇక తొడ. నిజం చెప్పాలంటే ఎక్కువ నొప్పి ఇక్కడే. పైపొర లేచిపోయి నరాల చివరలు బయటపడతాయి, అందుకే గీసుకుపోయిన మంట. నొప్పి ముదిరేదాకా ఆగకుండా మాత్ర టైముకి వేసేయండి. మొదటి రెండు రోజులు కట్టు ఎర్రటి నీటితో తడిసిపోతుంది, అది మామూలే. లోపలి పొరని కదపకుండా పైన ఇంకో దూది ప్యాడ్ పెట్టి కట్టండి. తర్వాత లోపలి గాజ్ గుడ్డ (పుండు మీద వేసే పలుచటి బట్ట) ఎండి అట్టలా చర్మానికి అంటుకుంటుంది. దాన్ని పీకకూడదు, వేడినీళ్లు పోసి నానబెట్టి లాగకూడదు, కింద కొత్తగా కట్టిన చర్మం కూడా దాంతోపాటే వచ్చేస్తుంది. అంచులు వాటంతటవే లేస్తుంటే లేచిన మేరకే శుభ్రమైన కత్తెరతో కత్తిరించండి. రెండు వారాలకో, కొందరికి మూడు వారాలకో మొత్తం రాలిపోతుంది. ఆరిన కట్టు మళ్లీ తడిసి పచ్చటి చీము కనిపిస్తే మాత్రం డాక్టరుకి చూపించాలి.

రెండూ మానాక అసలు ఓపిక కావాలి. అతికించిన పలుచటి చర్మానికి నూనె గ్రంథులు, చెమట గ్రంథులు సరిగ్గా ఉండవు, ఎండిపోయి పగులుతుంది, వాసన లేని మాయిశ్చరైజర్ రోజుకి మూడు నాలుగు సార్లు రాయండి. దురద విపరీతంగా ఉంటుంది, గోకితే పుండు పడుతుంది కాబట్టి అరచేత్తో మెల్లగా తట్టండి, ఆగకపోతే మందు అడగండి. స్పర్శ సరిగా తెలియదు, వేడినీళ్లు ముందు గ్రాఫ్ట్ లేని చేత్తో చూసుకోండి. కనీసం ఒక ఏడాది ఎండ తగలనివ్వొద్దు, రంగు శాశ్వతంగా మారిపోవచ్చు.

పలుచటి గ్రాఫ్ట్ నెలల తరబడి ముడుచుకుంటూనే ఉంటుంది. మోచెయ్యి, మెడ, వేళ్ల దగ్గరైతే ఆ ముడుత కీలుని లాగేసి వంకర చేస్తుంది. స్ప్లింట్ (కీలు వంగిపోకుండా పట్టి ఉంచే పట్టీ) పెట్టుకోవడం, వ్యాయామం, బిగుతు బట్ట వేసుకోవడం అన్నీ దీనికోసమే. బిగుతు బట్ట ఇస్తే స్నానానికి తప్ప తీయొద్దంటారు, రోజుకి 23 గంటలన్నమాట. ఒకటి ఉతికితే వేసుకోవడానికి ఇంకొకటి ఉండేలా రెండు కుట్టించుకోండి, వదులైనట్టు అనిపిస్తే మళ్లీ కొలతలు ఇవ్వండి.