చైనాలో మిఠాయి తరగతికి వెళ్లే ముందు: పాకం దగ్గర పాటించవలసిన జాగ్రత్తలు

చెంగ్డూ నగరంలో జిన్‌లీ వీధిలోనో, క్వాన్‌జాయ్ సందుల్లోనో నడుస్తున్నప్పుడు, చలువరాతి పలక ముందు కూర్చున్న పనివాడు చిన్న గరిటెతో పాకాన్ని సన్నటి ధారగా జారవిడుస్తూ, చూస్తుండగానే డ్రాగన్‌నో చేపనో గీసి, దాని మీద వెదురుపుల్ల అద్ది పిల్లల చేతికివ్వడం కనిపిస్తుంది. ఈ చక్కెర బొమ్మను అక్కడ థాంగ్‌హువా అంటారు. చెంగ్డూ థాంగ్‌హువాను చైనా ప్రభుత్వం 2008లో తన జాతీయ అమూర్త సాంస్కృతిక వారసత్వ జాబితాలో చేర్చింది. ఇప్పుడు పర్యాటకుల కోసం గంట, రెండు గంటల తరగతులు కూడా నడుస్తున్నాయి. కొన్ని చోట్ల థాంగ్‌హువాతో పాటు, దారాల్లా సాగదీసే ‘డ్రాగన్ గడ్డం’ మిఠాయి, పాకపు ముద్దను బుడగలా ఊది చేసే బొమ్మలు, పళ్లను పుల్లకు గుచ్చి పాకంలో ముంచే థాంగ్‌హులు కూడా నేర్పుతారు. వీటిలో ఏ తరగతికి వెళ్లినా ముందుగా తెలుసుకోవలసిన విషయాలు కొన్ని ఉన్నాయి. వాటిలో మొదటిది మన చేతి అలవాటుకు సంబంధించినది.

మన ఇళ్లలో పాకం పట్టడం తెలిసినవారు పాకాన్ని వేళ్లతోనే చూస్తారు. బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య చుక్క తీసుకుని తీగ సాగిందా లేదా అని చూడటం, అరిసెలకైతే పళ్లెంలోని నీళ్లలో నాలుగు చుక్కలు వేసి ఉండ కడుతుందో లేదో నొక్కి చూడటం పెద్దవాళ్లు నేర్పిన పద్ధతే. తీగపాకం సుమారు 105 నుంచి 112 డిగ్రీల సెల్సియస్ మధ్య, మెత్తటి ఉండపాకం సుమారు 112 నుంచి 116 డిగ్రీల మధ్య వస్తుంది. గరిటె చివరి చుక్క గాలికి కాస్త చల్లారాక ముట్టుకుంటాం గనుక వేలు చురుక్కుమన్నా బొబ్బ దాకా పోదు. థాంగ్‌హువాకూ, థాంగ్‌హులుకూ వాడే పాకం మాత్రం చల్లారగానే గాజులా పెళుసుబారాలి. అందుకు అది 146 నుంచి 154 డిగ్రీల వరకు మరగాలి. మన వంటల్లో దానికి దగ్గరగా ఉండేది పల్లీ చిక్కీకి పట్టే ముదురుపాకం; నీళ్లలో వేసిన ఉండను పళ్లేనికేసి కొడితే ఠంగుమని మోగే దశ అది. కాబట్టి పాకం గురించి ఏమీ తెలియని విద్యార్థి కంటే, సగం తెలిసిన మన చేతికే అక్కడ ప్రమాదం ఎక్కువ అని నా అభిప్రాయం.

నా అనుభవమే చెబుతాను. నేను వెళ్లిన తరగతిలో మొదటి చేప గీయడం పూర్తయ్యాక, పలక అంచున బఠాణీ గింజంత చుక్క ఒకటి మిగిలింది. పైన నిగనిగలాడుతూ, అంచుల్లో అప్పుడే గట్టిపడినట్టు కనిపించింది. అలవాటు కొద్దీ చూపుడువేలితో అద్దాను. పైపొర చిట్లి లోపలి పాకం వేలికి అంటుకుంది, విదిలించినా రాలేదు, రెండో చేత్తో లాగబోతే ఆ చేతి బొటనవేలికీ అంటింది. మరిగే నీళ్లు పడితే జారిపోతాయి, జారుతూనే చల్లబడతాయి. పాకం అలా కాదు. పడిన చోటే అతుక్కుని, తనలోని వేడినంతా చర్మంలోకి దింపుతుంది. ఆ గింజంత చుక్క చేసిన బొబ్బ మానడానికి పది రోజులు పట్టింది. తప్పు నేర్పినవారిది కాదు, ముట్టుకోవద్దని ఆయన అంతకు ముందే చెప్పారు. నాకు అర్థం కాలేదు, అంతే.

అర్థం కాకపోవడానికి ఒక కారణం ఉంది. చైనా భాషలో చక్కెరను ‘థాంగ్’ అంటారు, చేయి కాలేంత వేడిగా ఉందని చెప్పే మాట కూడా ‘థాంగ్’ లాగే వినిపిస్తుంది. ప్రామాణిక మాండరిన్‌లో మొదటిదాన్ని పైకి లేచే స్వరంతో, రెండోదాన్ని కిందికి దిగే స్వరంతో పలుకుతారు. చెంగ్డూ యాసలో ఈ స్వరాలు మళ్లీ వేరు. గురువు ‘థాంగ్, థాంగ్’ అని గట్టిగా అంటుంటే, చక్కెర పేరు నేర్పుతున్నారనుకుని నవ్వుతూ తల ఊపే విద్యార్థిని ఊహించుకోండి. నేను చేసింది అదే. అందువల్ల మాట మీద ఆధారపడకుండా, పని మొదలుపెట్టే ముందే సైగలు ఖాయం చేసుకోవాలి. అరచెయ్యి అడ్డంగా చాస్తే ఆగమని, వేలు చూపిస్తే ఇప్పుడు ముట్టుకోవచ్చని, ఇలా రెండు సైగలైనా ఇద్దరికీ ఒకేలా తెలిసి ఉండాలి. ఫోన్‌లో అనువాద యాప్ పెట్టుకునేవారు చైనా భాషను ఇంటర్నెట్ లేకుండా పనిచేసేలా బయలుదేరే ముందే డౌన్‌లోడ్ చేసుకోవాలి, ఎందుకంటే గూగుల్ సేవలు, వాట్సాప్ అక్కడ మామూలుగా తెరుచుకోవు.

దుస్తుల విషయంలో పెద్దగా చెప్పవలసింది లేదు. నూలు బట్టలు, పాదాలను పూర్తిగా కప్పే బూట్లు, ముడి వేసిన జుట్టు ఉంటే చాలు. నైలాన్, పాలియెస్టర్ చున్నీలు వేడికి కరిగి ఒంటికి అంటుకుంటాయి కనుక వాటిని బయటే వదిలేయాలి. ఉంగరాలు, గాజులు, చేతి గడియారం తరగతికి ముందే తీసి సంచిలో పెట్టుకోవడం తప్పనిసరి. పాకం ఉంగరం సందులోకి పోతే కడగడం కష్టం, వేలు వాచాక ఉంగరం తీయడం అంతకంటే కష్టం.

తరగతిని ఎంచుకునేటప్పుడు ధర కంటే ముందు మూడు విషయాలు చూడాలి. ఒక్కో పొయ్యి దగ్గర ఎంతమంది ఉంటారో అడగాలి. ఆరుగురికి మించితే నేను వెళ్లను. నీటి కుళాయి అదే గదిలో, పది అడుగుల లోపు ఉందో లేదో కళ్లారా చూడాలి. పాకాన్ని గురువే కాస్తారా, మన చేత కాయిస్తారా అన్నది మూడోది. మొదటిసారి వెళ్లేవారికి గురువు కాచి ఇచ్చేదే మేలు, కళంతా ధారను నడపడంలోనే ఉంది గనుక పొయ్యి దగ్గర నిలబడనందువల్ల పోయేదేమీ లేదు. అక్టోబర్ 1 నుంచి మొదలయ్యే జాతీయ దినోత్సవపు సెలవుల్లోనూ, చాంద్రమాన నూతన సంవత్సరపు సెలవుల్లోనూ పర్యాటక వీధులు కిటకిటలాడతాయి, తరగతులను హడావిడిగా ముగిస్తారు. ఆ రోజులు తప్పించుకోవడం మంచిది. వేసవి తేమలో పాకం త్వరగా చెమర్చి జిగురుగా మారుతుంది కాబట్టి పొడి వాతావరణమే ఈ పనికి అనుకూలం.

థాంగ్‌హువా గీసేటప్పుడు గరిటెను పలకకు దగ్గరగా, మీ ఒంటికి దూరంగా పట్టుకోవాలి. గరిటె మీద ఒక్క నీటిచుక్క ఉన్నా పాకంలో పెట్టగానే చిటపటలాడి ముఖం మీదికి చిమ్ముతుంది, అందుకే కడిగిన గరిటెను పొడిగా తుడిచాకే ముంచాలి. చెయ్యి ఆగినచోట పాకం ముద్దకడుతుంది. సన్నటి గీతలు నిమిషం లోపే గట్టిపడినా, ఆ ముద్దలూ పుల్ల అద్దిన చోటూ లోపల చాలాసేపు వేడిగానే ఉంటాయి. బొమ్మను వేళ్లతో కాకుండా పలుచటి రేకు గరిటెతో లేపాలి. థాంగ్‌హులులో పండును ముంచి తీసేటప్పుడు పుల్లను నిలువుగా ఎత్తితే పాకం చేతి మీదికి కారుతుంది, పండు కొన కిందికి ఉండేలా వాల్చి తీయాలి. థాంగ్‌హులును చూసి ఇంట్లో మైక్రోవేవ్‌లో చక్కెర కాచిన పిల్లలు చేతులు కాల్చుకుంటున్నారని 2024లో అమెరికాలోని బోస్టన్ వైద్యులు హెచ్చరించారు. తిరిగి వచ్చాక మీ పిల్లలు సరదాపడి అదే పని చేయబోతారన్న సంగతి మనసులో ఉంచుకోవాలి.

డ్రాగన్ గడ్డం మిఠాయి ఇంత వేడి మీద చేసేది కాదు. చక్కెర, మాల్టోజ్ అనే జిగట పాకం కలిపి కాచి చల్లార్చిన బిళ్లకు నడుమ రంధ్రం చేసి, పిండిలో పొర్లిస్తూ కంకణంలా సాగదీసి, ఎనిమిది అంకెలా మెలితిప్పి మడుస్తారు. ఒక్కో మడతకు పోగులు రెట్టింపవుతాయి; 14 మడతలకు 16,384 పోగులు. మన జాతరల్లో జీళ్ల పాకాన్ని కొయ్యకు తగిలించి లాగడం చూసినవారికి ఇది కొత్తగా అనిపించదు. ఇక్కడ గమనించవలసింది బిళ్ల గట్టిపడినప్పుడు దాన్ని మైక్రోవేవ్‌లో మెత్తబరచే అలవాటును. అలా చేస్తే పైన గోరువెచ్చగా ఉన్నా నడుమ సలసల కాగుతుండవచ్చు, అందుకే రంధ్రం చేయడానికి మొదటిసారి వేలు గుచ్చే పనిని గురువుకే వదిలేయాలి. చల్లే పిండి వేయించినదేనా అని అడగాలి. పచ్చిపిండి తినకూడదు. ఉబ్బసం ఉన్నవారు పిండి ఎగిరే చోట ముక్కుకు మాస్కు కట్టుకోవాలి. నోట్లో పెట్టుకున్నాక మాట్లాడినా నవ్వినా ఆ పొడి గొంతులోకి పోయి పొలమారుతుంది.

ఊదే బొమ్మల తరగతిలో ఊపిరిని బయటికి ఊదడమే తప్ప, బొమ్మ మీద నుంచి నోరు తీయకుండా లోపలికి పీల్చకూడదు. పూర్వం పనివాళ్లు తమ నోటితోనే ఊదేవారు. ఇతరులు నోటితో ఊదినదాన్ని చూసి ఆనందించాలే గాని తినకూడదు. మీ బొమ్మను మీరే శుభ్రమైన గొట్టంతో ఊదుకోవాలి.

తినడం విషయానికొస్తే, డ్రాగన్ గడ్డం మిఠాయి లోపల సాధారణంగా పల్లీలు, నువ్వులు పెడతారు. పల్లీల అలర్జీ ఉన్నవారు ‘హువాషెంగ్’ అన్న మాటను, నువ్వులు పడనివారు ‘జిమా’ అన్న మాటను చైనా లిపిలో కాగితం మీద రాయించుకుని, పనిముట్లు ముట్టకముందే చూపించాలి, ఎందుకంటే అదే బల్ల మీద వాటి పొడి ఉంటుంది. మాల్టోజ్‌ను గోధుమ లేదా బార్లీ మొలకలతో తయారుచేస్తారు కనుక గ్లూటెన్ పడనివారు దానికి దూరంగా ఉండాలి. శాకాహారులు ఒక సంగతి అడిగి తెలుసుకోవాలి. చక్కెర బొమ్మల్లో మాంసాహారం కలిసే అవకాశం తక్కువే అయినా, కొన్ని చైనా మిఠాయిల్లో పందికొవ్వు వాడతారు, పలక మీద రాసేది ఏ నూనో కూడా అడగాలి. మధుమేహం ఉన్నవారు రుచి చూడమంటూ ఇచ్చే ముక్కలను లెక్కపెట్టుకోవాలి. కట్టుడుపళ్లు, పంటి క్యాపులు ఉన్నవారు మాల్టోజ్ మిఠాయిని కొరకకూడదు. ఉత్తర చైనాలో చాంద్రమాన ఏడాది చివరి మాసం 23వ రోజున వంటింటి దేవుడికి మాల్టోజ్ మిఠాయి పెట్టే ఆచారం ఉంది. ఆయన స్వర్గానికి వెళ్లి ఇంటి గుట్టు చెప్పకుండా పెదవులు అతుక్కుపోవాలట. దేవుడి నోటినే మూయించగలదనుకున్న జిగురుకు పంటి క్యాపు ఒక లెక్కా!

ఐదేళ్ల లోపు పిల్లలను పొయ్యి ఉన్న బల్ల దగ్గరికి రానివ్వకూడదు. చాలా బండ్ల మీద ఏ బొమ్మ వస్తుందో తేల్చే చక్రం ఒకటి ఉంటుంది, డ్రాగన్ దగ్గర ముల్లు ఆగితే అదృష్టం. ఆ చక్రం తిప్పే పని పిల్లలకు అప్పగిస్తే వారికీ సంతోషం, మీకూ నిశ్చింత.

ఇన్ని జాగ్రత్తలు తీసుకున్నా పాకం పడితే, వెంటనే కుళాయి కింద చల్లటి నీటి ధారలో 20 నిమిషాలు ఉంచాలి. చక్కెర నీటిలో కరుగుతుంది, కాబట్టి అంటుకున్న పాకాన్ని ధారే వదిలిస్తుంది. గోరుతో పీకితే చర్మం కూడా ఊడి వస్తుంది. కాలిన వేలిని నోట్లో పెట్టుకోవడం మనందరి సహజ చర్య, కానీ పాకం అంటిన వేలు నాలుకనూ కాలుస్తుంది. మంచుముక్కలు, టూత్‌పేస్ట్, నెయ్యి, పసుపు ఏవీ పెట్టకూడదు. తర్వాత వంటింటి ప్లాస్టిక్ పొరనో శుభ్రమైన గుడ్డనో వదులుగా కప్పాలి. కాలిన చోటు అరచేతికంటే పెద్దదైనా, ముఖం మీదో కీళ్ల మీదో అయినా, కాలినది పసిపిల్లలకైనా ఆసుపత్రికి వెళ్లవలసిందే. చైనాలో అంబులెన్స్ నంబరు 120. అక్కడి ఆసుపత్రుల్లో నమోదుకు పాస్‌పోర్టు అడుగుతారు, చాలా చోట్ల డబ్బు ముందే కట్టించుకుంటారు; కాబట్టి పాస్‌పోర్టు, ప్రయాణ బీమా కాగితం, కార్డు జతచేసిన అలీపే లేదా వీచాట్ అనే ఫోన్ చెల్లింపు యాప్ సిద్ధంగా ఉండాలి.

తిరుగు ప్రయాణంలో మాల్టోజ్ సీసా కొన్నవారు దాన్ని చెక్‌ఇన్ సామానులోనే పెట్టాలి. అది ముద్దగా కనిపించినా విమానాశ్రయంలో ద్రవాల కిందే లెక్క, 100 మిల్లీలీటర్లు మించితే చేతిసంచిలోంచి తీసేయిస్తారు. డ్రాగన్ గడ్డం మిఠాయి గాలి చొరని డబ్బాలో కూడా ఎక్కువ రోజులు నిలవదు. ఇక మీరు గీసిన చేపనో నెమలినో హైదరాబాద్ దాకా తేవాలని చూడకండి. చెంగ్డూ తేమకే రాత్రికల్లా అది చెమర్చి పుల్ల మీద నుంచి జారిపోతుంది, ఫొటో తీసుకుని అక్కడే తినేయడం మంచిది.