మంత్రి పదవుల పట్టిక వేయడం – 4వ పాఠం: ముఖ్యమంత్రి మారితే కొత్త వరుస

మూడో పాఠం చివర కొణిజేటి రోశయ్య పదవుల పట్టిక వేయమన్నాం. జవాబుల్లో ఎక్కువ భాగం ఒకే చోట బోల్తా పడ్డాయి: "2004–2009 ఆర్థిక మంత్రి, 2009–2010 ముఖ్యమంత్రి". రెండే వరుసలు. చూడ్డానికి ముచ్చటగానే ఉంది కానీ తప్పు. ఈ వారం శాఖల కేటాయింపు వివరంగా చెప్పాల్సింది. దాన్ని నాలుగు ముక్కల్లో ముగించి, ముందు ఈ లెక్క తేల్చుకుందాం.

పట్టికలో నాలుగు గడులు ఉన్నాయి: సభ (శాసనసభా, శాసనమండలా), పదవి, ఎవరి మంత్రివర్గం, రిమార్కులు. మూడో గడిని చాలామంది ఖాళీగా వదిలేశారు. తప్పంతా అక్కడి నుంచే వచ్చింది.

రాజ్యాంగం 164వ అధికరణ ప్రకారం మంత్రులను గవర్నర్ నియమించేది ముఖ్యమంత్రి సలహా మీద. ఆ సలహా ఇచ్చిన మనిషి రాజీనామా చేసినా, కన్నుమూసినా మంత్రివర్గం మొత్తం పోతుంది. మర్నాడు అదే మంత్రి అదే గదిలో అదే ఫైలు తెరిచినా సరే, అది కొత్త ప్రమాణంతో వచ్చిన కొత్త పదవే. అందుకే "కొనసాగారు" అనే మాట ఈ పట్టికలో కనిపించకూడదు.

ఇప్పుడు రోశయ్యను సరిదిద్దుదాం. 2004 మేలో వై.ఎస్. రాజశేఖరరెడ్డి మంత్రివర్గం: సభ గడిలో చీరాల ఎమ్మెల్యే, పదవి గడిలో ఆర్థిక శాఖ. 2009 ఎన్నికల తర్వాత మే 20న వై.ఎస్. మళ్లీ ప్రమాణం చేశారు. ముఖ్యమంత్రి ఆయనే అయినా మంత్రివర్గం కొత్తది, కాబట్టి రెండో వరుస. సభ గడి కూడా మారింది: ఈసారి రోశయ్య ఎమ్మెల్సీ. సెప్టెంబర్ 2న హెలికాప్టర్ ప్రమాదంలో వై.ఎస్. మరణించారు. ఆ వరుస అక్కడితో ముగుస్తుంది. సెప్టెంబర్ 3న గవర్నర్ ఎన్.డి. తివారీ రోశయ్యతో ముఖ్యమంత్రిగా ప్రమాణం చేయించారు: మూడో వరుస. అప్పటికే మండలి సభ్యుడు కాబట్టి ఆరు నెలల్లో సభకు ఎన్నికవ్వాలన్న గొడవ ఆయనకు లేదు. మండలి 1985లో రద్దయి 2007లో తిరిగి వచ్చిందని గుర్తుంటే, సభ గడి చూడగానే ఇది తడుతుంది.

ముగింపు తేదీ దగ్గర ఇంకో చిక్కు. రోశయ్య రాజీనామా చేసింది 2010 నవంబర్ 24న. కిరణ్‌కుమార్ రెడ్డి ప్రమాణం 25న. రాజీనామా ఇచ్చాక ఏర్పాటు జరిగేదాకా ఉండమని గవర్నర్ చెప్పడం ఆనవాయితీ. అందుకే పదవి గడిలో వారసుడు ప్రమాణం చేసిన తేదీనే వేయడం నాకిష్టం. రాజీనామా తేదీ రిమార్కుల్లోకి పోతుంది. మీరు తిరగేసి వేసుకున్నా అభ్యంతరం లేదు, పట్టిక మొత్తానికీ ఒకటే పద్ధతి ఉంటే చాలు.

వరుసలు ఎంత త్వరగా పెరుగుతాయో చూడాలంటే 1978–83 తీసుకోండి. ఒక్క శాసనసభ కాలంలో నలుగురు ముఖ్యమంత్రులు: చెన్నారెడ్డి, 1980 అక్టోబర్ నుంచి అంజయ్య, 1982 ఫిబ్రవరి నుంచి భవనం వెంకట్రామ్, అదే ఏడాది సెప్టెంబర్ నుంచి కోట్ల విజయభాస్కరరెడ్డి. 1989–94లో ముగ్గురు: చెన్నారెడ్డి, నేదురుమల్లి జనార్దనరెడ్డి, మళ్లీ కోట్ల. "అయిదేళ్లు మంత్రి" అని ఎక్కడ చదివినా ఆ అయిదేళ్లలో ముఖ్యమంత్రులెందరో ముందు లెక్కపెట్టండి.

శాఖల సంగతి. శాఖ మారితే కొత్త ప్రమాణం ఉండదు, కొత్త వరుసా ఉండదు. పదవి గడిలోనే తేదీ వేసి కింద రాయండి. ఉప ముఖ్యమంత్రి అని ప్రత్యేకమైన ప్రమాణం లేదు, మంత్రిగానే చేస్తారు. అది రిమార్కు.

సంఖ్య దగ్గర కూడా పొరపాట్లొచ్చాయి. 2003 నాటి 91వ రాజ్యాంగ సవరణ ప్రకారం మంత్రుల సంఖ్య ముఖ్యమంత్రితో కలిపి శాసనసభ సభ్యుల సంఖ్యలో 15 శాతం దాటకూడదు. ఆంధ్రప్రదేశ్‌లో 175కి 26 మంది. తెలంగాణలో 119కి లెక్క 17.85, ఆచరణలో 18. కింది హద్దు 12. 2018 డిసెంబర్ 13న కె. చంద్రశేఖర్ రావు, మహమూద్ అలీ ఇద్దరే ప్రమాణం చేశారు. మిగతా పదిమంది 2019 ఫిబ్రవరి 19 దాకా రాలేదు. అంటే ఆ రెండు నెలల పైచిలుకు కాలంలో వేరే ఏ మంత్రి పేరు కనిపించినా మీ పట్టిక తప్పు.

"ఫలానా మంత్రి ఈ పథకం తెచ్చారు" అని పదవి గడిలో రాసినవాళ్లకు ఒక్క మాట. ప్రతిపాదన శాఖ కార్యదర్శి దగ్గర పుడుతుంది, ఖర్చుంటే దాని మీద ఆర్థిక శాఖ అభిప్రాయం తీసుకుంటారు, ఆపైన అది మెమోరాండంగా ప్రధాన కార్యదర్శి ద్వారా కేబినెట్ అజెండాకెక్కుతుంది. ఆమోదం దొరికినా గవర్నర్ పేర జీవో (ప్రభుత్వ ఉత్తర్వు) వెలువడేదాకా అది అమలయ్యే ఉత్తర్వు కాదు. విధాన నిర్ణయమైతే జీవో ఎంఎస్‌లో వెతకండి, జీవో ఆర్టీలో మామూలు వ్యవహారాలే ఉంటాయి. బాధ్యత కూడా అందరిదీ: 1954 నవంబర్‌లో మద్యనిషేధం గొడవలో అవిశ్వాసం నెగ్గితే, టంగుటూరి ప్రకాశం ఒక్కరే కాదు, మంత్రివర్గమంతా దిగింది.

అభ్యాసం. కింది ప్రతి సందర్భానికీ ముఖ్యమంత్రి వరుస తెగుతుందా, మంత్రుల వరుసలు తెగుతాయా, సభ గడి మారుతుందా, మూడు జవాబులూ కావాలి.

1989 ఫిబ్రవరి: బడ్జెట్ లీకు తర్వాత ఎన్టీఆర్ మంత్రులందరినీ తొలగించారు.

2010 నవంబర్: కిరణ్‌కుమార్ రెడ్డి స్పీకర్ కుర్చీ నుంచి ముఖ్యమంత్రి పదవికి వచ్చారు.

2018 సెప్టెంబర్ 6: తెలంగాణ శాసనసభ రద్దు, ప్రభుత్వం ఆపద్ధర్మంగా ఉండిపోయింది.

2022 ఏప్రిల్: 7న జగన్ మంత్రులందరి రాజీనామాలు తీసుకున్నారు, 11న కొత్త మంత్రివర్గం ప్రమాణం చేసింది. పాతవారిలో 11 మంది అందులోనూ ఉన్నారు. ఈ 11 మందికి వరుస ఎక్కడ తెగుతుందో కారణంతో సహా రాయండి. వచ్చే పాఠం ఆ జవాబుల మీదే మొదలవుతుంది.