పాదం ఎక్స్‌రేలో 'అదనపు ఎముక' కనిపిస్తే ఏం చేయాలి?

రోడ్డు గోతిలో కాలు మడతపడి చీలమండ వాచింది. శ్రీకాకుళం వెళ్లి ఎక్స్‌రే తీయిస్తే, పెద్ద ఎముక పక్కన శనగగింజంత ముక్క ఒకటి కనిపించింది. ఇంట్లోవాళ్లు విరిగిందనుకుంటారు. అలాగే అవ్వచ్చు, పుట్టుకతో వచ్చినదీ అవ్వచ్చు. పాదంలో ఇలాంటి అదనపు ఎముకలు చాలామందికి ఉంటాయి. చాలామంది జీవితాంతం వాటి సంగతి తెలియకుండానే నడుస్తారు. కాబట్టి ముక్క కనిపించడం ఒక సంగతి, నొప్పి దానివల్లే అని తేలడం వేరే సంగతి. ఈ రెండూ కలుస్తున్నాయో లేదో వరసగా ఇలా చూసుకోవాలి.

1. ముందు విరిగి ఉండే అవకాశం ఎంతో చూడండి

దెబ్బ తగిలాక నాలుగు అడుగులు కూడా వేయలేకపోయినా, చీలమండ రెండు గుబ్బల వెనక అంచున కింది 6 సెంటీమీటర్లలో ఎముక మీద నొక్కితే నొప్పి ఉన్నా, చిటికెనవేలి వైపు పాదం మధ్యలో పొడుచుకొచ్చే ఎముక మీదో, లోపలివైపు వంపు పైన ఉండే నావిక్యులర్ అనే ఎముక మీదో నొక్కితే నొప్పి ఉన్నా ఎక్స్‌రే తప్పనిసరి. షుగరు వల్ల పాదం తిమ్మిరెక్కిన వాళ్లకు ఈ కొలత పనికిరాదు. నొప్పే తెలియదు కాబట్టి వాపు ఉంటే చాలు, తీయించాలి. ఎక్స్‌రే చూడకముందు మర్దన, నాటు కట్టు వద్దు. విరిగి, కదలకుండా ఉన్న ముక్కను మర్దన పక్కకు జరపగలదు.

2. నొప్పి చోటును ఒక్క వేలితో చూపించండి

అరచేత్తో పాదమంతా చూపిస్తే ఉపయోగం లేదు. చూపుడువేలి కొనతో నొక్కి, అన్నిటికన్నా నొప్పి ఉన్నచోట పెన్నుతో చుక్క పెట్టుకోండి. ఆ చుక్క మీద చిన్న లోహపు గుర్తు అతికించమని ఎక్స్‌రే తీసేవారిని అడగవచ్చు. అప్పుడు ఫిల్ములో ముక్కకీ నొప్పికీ ఎంత దూరమో నేరుగా కనిపిస్తుంది.

పట్టీలు, కాలికి కట్టిన తాడు, మెట్టెలు తీసేయండి. మెట్టెలు తీయడానికి ఇష్టపడనివాళ్లు చీలమండ మాత్రమే తీసేటప్పుడు ఉంచుకోవచ్చు. వేళ్లు ఫిల్ములో పడేటట్టయితే మాత్రం తీయాల్సిందే. గర్భవతి అయితే ముందే చెప్పండి.

3. సరైన వ్యూలు అడగండి

వ్యూ అంటే ఏ వైపు నుంచి ఎక్స్‌రే తీశారన్నది. ఒక్క వ్యూతో తేల్చడం వల్లే ఎక్కువ తప్పులు జరుగుతాయి. పాదానికి కనీసం మూడు వ్యూలు కావాలి: పైనుంచి, పక్కనుంచి, ఏటవాలుగా. నిలబడగలిగితే పైనుంచీ పక్కనుంచీ తీసేవి బరువు మోపి తీయించుకోండి, పాదం వంపు అసలు రూపం అప్పుడే తెలుస్తుంది. అదనపు ఎముకల్లో ఏది ఏ వ్యూలో బాగా కనిపిస్తుందంటే:

యాక్సెసరీ నావిక్యులర్, అంటే నావిక్యులర్ పక్కన ఉండే అదనపు ఎముక, పాదం లోపలి వైపు, వంపు పైన ఉంటుంది. మామూలు ఏటవాలు వ్యూలో దాక్కుంటుంది. పాదాన్ని బయటివైపు తిప్పి తీసే ఏటవాలు వ్యూ అడగాలి. ఆస్ ట్రైగోనమ్ మడమకు పైన, చీలమండ వెనక ఉంటుంది కాబట్టి పక్క వ్యూ చాలు. ఆస్ పెరోనియం బయటి అంచున క్యూబాయిడ్ ఎముక దగ్గర స్నాయువు (కండరాన్ని ఎముకకు కలిపే తాడులాంటి టెండన్) లోపల ఉంటుంది. దానికి పాదాన్ని లోపలివైపు తిప్పి తీసే ఏటవాలు వ్యూ కావాలి.

4. అంచు చూడండి

పుట్టుకతో ఉన్న ముక్క నునుపుగా, గుండ్రంగా ఉంటుంది. చుట్టూ తెల్లటి గట్టి గీత పూర్తిగా తిరిగి ఉంటుంది. కొత్తగా విరిగిన ముక్కకు విరిగిన వైపు ఆ గీత ఉండదు, అంచు గరుకుగా ఉంటుంది, ఎదురుగా ఉన్న ఎముకలో అతికినట్టు సరిపోతుంది. పాత విరుగుడు అతకకుండా ఉండిపోతే దాని అంచూ నునుపెక్కుతుంది. అందుకే బయటి గుబ్బ కొన కింద కనిపించే ముక్క విషయంలో తొందరపడకూడదు, ఎప్పుడో బెణికినప్పుడు లిగమెంటు (ఎముకకూ ఎముకకూ మధ్య ఉండే కట్టు) లాక్కొచ్చిన తునక అయ్యుండవచ్చు.

రెండో కాలుకీ తీస్తే పోల్చుకోవచ్చు. కానీ అటు లేదు కాబట్టి ఇటు విరిగిందే అనుకోవడం పొరపాటు. ఈ ఎముకలు ఒక్క కాలికే ఉండడం మామూలే.

పిల్లల్లో ఇంకో చిక్కు. చిటికెనవేలి వైపు ఎముక మొదట్లో, సుమారు 9 నుంచి 14 ఏళ్ల మధ్య ఎదిగే భాగం విడిగా కనిపిస్తుంది. ఆ గీత ఎముక పొడవునా నడుస్తుంది. విరుగుడు గీత ఎక్కువగా అడ్డంగా ఉంటుంది.

5. ఎక్స్‌రేతో తేలకపోతే

ముక్క నొప్పికి కారణమా అన్నదానికి ఎంఆర్‌ఐ మంచి జవాబు ఇస్తుంది. కొవ్వు తెల్లగా కనిపించకుండా తీసే రకం ఎంఆర్‌ఐ చిత్రాల్లో ముక్క లోపల, దాని పక్క ఎముకలో నీరు చేరినట్టు తెల్లగా మెరిస్తే అక్కడ రాపిడి ఉన్నట్టు. యాక్సెసరీ నావిక్యులర్‌లో రెండో రకం, అంటే మృదులాస్థితో అతుక్కుని 12 మిల్లీమీటర్ల దాకా ఉండేదే ఎక్కువగా బాధపెడుతుంది. స్నాయువులో ఇమిడి ఉండే చిన్న గుండ్రటి మొదటి రకం అరుదుగా.

అంచు, చీలిక స్పష్టంగా కావాలంటే సన్నటి పొరలుగా చిత్రాలు తీసే సీటీ స్కాన్. స్నాయువు అనుమానమైతే అల్ట్రాసౌండ్, పాదం కదిలిస్తూ చూడవచ్చు. ఆస్ పెరోనియం పాత ఫిల్ములో ఉన్న చోటు నుంచి మడమ వైపు జరిగినా, రెండు ముక్కలై మధ్య ఖాళీ 6 మిల్లీమీటర్లు దాటినా స్నాయువు తెగిందేమో వెంటనే చూడాలి. పాత ఫిల్ములు పారేయకండి అనేది అందుకే.

పాదాన్ని కిందికి చాచినప్పుడు మడమ వెనక నొప్పి వస్తుంటే, అల్ట్రాసౌండ్ చూస్తూ ఆస్ ట్రైగోనమ్ దగ్గర మత్తుమందు ఎక్కిస్తారు. నొప్పి కాసేపు పోతే కారణం అక్కడే అని బలమైన ఆధారం దొరికినట్టు.

6. వేరే డాక్టరుకు చూపించేటప్పుడు

విశాఖ డాక్టరుకు వాట్సాప్‌లో పంపడానికి కిటికీకి పెట్టి ఫిల్ము ఫొటో తీస్తే, అసలు చూడాల్సిన అంచు గీతే పోతుంది. ఫిల్ముతోపాటు సీడీ అడిగి తీసుకోండి. ముక్క ఉందన్న ఒక్క మాట మీద ఆపరేషన్‌కు ఒప్పుకోకండి. ముందు విశ్రాంతి, నొప్పి ఉన్నచోట చెప్పు పట్టీ ఒరుసుకోని మెత్తటి చెప్పులు, వంపుకు ఆసరా ఇచ్చే ఇన్‌సోల్, అవసరమైతే కొన్ని వారాలు పాదాన్ని కదలనివ్వని బూటు లేదా కట్టు. ఇవన్నీ కొన్ని నెలలు సరిగ్గా చేసినా తగ్గకపోతే, అదీ పెన్ను చుక్కా ఎంఆర్‌ఐ మెరుపూ ఒకే చోట ఉంటేనే, తీసేయడం గురించి డాక్టరుతో మాట్లాడాలి.