ఎక్సెల్‌తో గణితం – 4వ పాఠం: నిమ్మకాయల కుప్పలు

పోయిన పాఠంలో ఆయిలర్ ఫార్ములాని నడిపించి చూశాం, గుర్తుంది గదా. ఒక సంఖ్యని దాంతోనే గుణించి, మళ్ళీ అదే సంఖ్యని కలిపి, దానికి 41 చేరిస్తే 0 నుంచి 39 దాకా వచ్చినవన్నీ ప్రధాన సంఖ్యలే. 40 దగ్గరికి వచ్చేసరికి 1681 వచ్చింది, అదేమో 41 నలభై ఒకట్లు. అక్కడ ఫార్ములా ముందే చేతిలో ఉంది, మనం చేసింది పరీక్ష మాత్రమే. ఈసారి చేతిలో ఏమీ లేదు. లెక్కలు మనమే పుట్టిస్తాం, వాటిలో ఏముందో మనమే వెతుక్కుంటాం. ఈ పాఠాలన్నిటిలో నాకు బాగా ఇష్టమైంది ఇదే, అందుకని కొంచెం పొడుగు కూడా అవుతుంది, ఓపిగ్గా చదవండి.

మా నెల్లూరులో సాయంత్రంపూట బజారుకెళ్తే రోడ్డు పక్కన గోతం పరిచి నిమ్మకాయలు కుప్పలు పోసి అమ్ముతుంటారు. పొదలకూరు మార్కెట్ దగ్గర్లోనే ఉంది కాబట్టి కాయకి కొదవ లేదు. ఇప్పుడు ఆ అమ్మే ఆమె దగ్గర 5 కాయలే మిగిలాయనుకోండి. వాటిని ఎన్ని రకాలుగా కుప్పలు పోయొచ్చు? ఏ కుప్ప ఎడమ పక్క, ఏది కుడి పక్క అన్నది పట్టించుకోవద్దు, కుప్పకి ఎన్ని కాయలన్నదే లెక్క. ఐదూ ఒకే కుప్ప, నాలుగూ ఒకటి, మూడూ రెండు, మూడూ ఒకటీ ఒకటి, రెండూ రెండూ ఒకటి, రెండూ ఒకటీ ఒకటీ ఒకటి, చివరికి విడివిడిగా ఐదు. మొత్తం 7 రకాలు. గణితంలో వీటిని విభజనలు అంటారు, మనం కుప్పలనే అందాం.

ఇక్కడ ఆగి 1 కాయ నుంచి 6 కాయల దాకా మీరే కాగితం మీద వేయండి. నిజంగా వేయండి, కింద జవాబు ఉందిగదా అని దాటెయ్యొద్దు, ఎందుకంటే తర్వాత షీట్ సరిగ్గా పనిచేస్తోందో లేదో తేల్చేది ఈ చేత్తో వేసిన లెక్కే.

1, 2, 3, 5, 7, 11 వస్తాయి. మా అమ్మాయి తొమ్మిదో తరగతి, పక్కన కూర్చుని నాతో పాటే వేసింది, 11 రాగానే "నాన్నా, ఇవి ప్రధాన సంఖ్యలు గదా!" అంది. నాకూ మొదటిసారి అట్టాగే అనిపించింది. మొదటి 1 పక్కన పెడితే 2, 3, 5, 7, 11, మధ్యలో ఒక్కటి కూడా తప్పకుండా. అట్టా అయితే 7 కాయలకి 13 రావాలి. "సరే, 13 అని నోట్‌బుక్‌లో రాసి, పక్కన ఇవాళ్టి తేదీ వెయ్యి, ఆ తర్వాతే లెక్క పెడదాం" అన్నా. లెక్క పెడితే 15 వచ్చింది. ఇంకోటి చూడండి, 0 కాయలకి ఒకే రకం, అంటే ఏ కుప్పా పోయకపోవడం, అని ముందు 1 చేరిస్తే 1, 1, 2, 3, 5 అవుతుంది, ఫిబొనాచి వరస (ముందున్న రెండూ కలిపితే తర్వాతిది) తెలిసినవాళ్ళు వెంటనే 8 అంటారు, వచ్చేదేమో 7. ఆరేడు అంకెలకే రెండు తప్పుడు దారులు కనిపించాయి. అందుకే ఈ పాఠంలో పెట్టుకోవాల్సిన అలవాటు ఒకటుంది: ఊహని ముందు రాసి, తర్వాతి అంకె ఆ తర్వాత చూడండి. అంకె చూసిన తర్వాత పుట్టిన ఊహ ఆ అంకెకి ఎట్టాగూ సరిపోతుంది, అది పరీక్ష కాదు.

ఇక షీట్. ఎక్సెల్ అయినా, గూగుల్ షీట్స్ అయినా, లిబ్రేఆఫీస్ అయినా పర్లేదు. పగలంతా రొయ్యల చెరువుల మేత లెక్కలు రాసే ఎక్సెల్‌లోనే నేను రాత్రిళ్ళు ఇది చేస్తా, వేరే సాఫ్ట్‌వేర్ ఏమీ అక్కర్లేదు.

పైన 40 వరసలు ఖాళీగా వదిలెయ్యండి. 41వ వరస నుంచి మొదలుపెట్టి, ఎ కాలమ్‌లో 0, 1, 2 అంటూ 30 దాకా కిందికి రాయండి, అవి కాయల సంఖ్య. బి కాలమ్ అంటే ఒక్కో కాయ కుప్పలు మాత్రమే పోయొచ్చు అని, కాబట్టి అక్కడ 41 నుంచి 71 దాకా అన్నీ 1లే. సి కాలమ్ అంటే కుప్పలో ఎక్కువలో ఎక్కువ 2 కాయలు, డి అంటే 3, అట్టా ముందుకి. ఇప్పుడు సి కాలమ్‌లో ఫార్ములా ఏంటంటే, ఎడమ పక్క సెల్‌కి అదే కాలమ్‌లో రెండు వరసలు పైనున్న సెల్‌ని కలపడం. డి కాలమ్‌లో ఎడమ పక్క సెల్, దానికి మూడు వరసలు పైనున్న సెల్. ఇ కాలమ్‌లో నాలుగు పైన. ప్రతి కాలమ్‌లో పై సెల్‌లో ఒక్కసారి ఫార్ములా రాసి కిందికి లాగేయడమే.

ఇది ఎందుకు పనిచేస్తుందో కాయలతోనే చూద్దాం. 5 కాయలున్నాయి, కుప్పకి 3కి మించకూడదు. రెండే దారులు. మూడు కాయల కుప్ప అసలు లేదు, అట్టా అయితే అది ఎడమ కాలమ్‌లో లెక్క పెట్టేసిందే, అక్కడ 3 ఉంది. లేదంటే మూడు కాయల కుప్ప కనీసం ఒకటుంది, దాన్ని తీసి పక్కన పెట్టండి, మిగిలింది 2 కాయలు, వాటిని మళ్ళీ 3కి మించకుండా పోయాలి, అది సరిగ్గా మూడు వరసల పైనున్న సెల్, అక్కడ 2 ఉంది. మొత్తం 5. పైన మనం వేసిన ఏడింటిలో ఐదు కాయల కుప్పా, నాలుగు కాయల కుప్పా ఉన్న రెండూ తీసేస్తే మిగిలేది ఐదే గదా.

30 కాయల కుప్ప దాకా వెళ్తే ఏఈ కాలమ్ దగ్గర ఆగుతాం. మనకి కావలసిన అంకెలన్నీ ఆ చివరి కాలమ్‌లో పైనుంచి కిందికి ఉంటాయి.

ఒక జాగ్రత్త, నాకు ఒక రాత్రంతా పట్టించిన తప్పు ఇది. ఏ కాలమ్ ఎన్ని కాయలదో మర్చిపోతున్నానని 40వ వరసలో, అంటే లెక్క మొదలయ్యే వరసకి సరిగ్గా పైన, హెడ్డింగులుగా 1, 2, 3, 4 అని రాశా. ఖాళీ సెల్‌ని ఎక్సెల్ సున్నాగా తీసుకుంటుంది, అందుకే పైన ఖాళీ వదిలింది, కానీ హెడ్డింగ్‌లో 2 ఉంటే దాన్ని 2 రకాలు అనుకుని కలిపేసుకుంటుంది. ఎర్రర్ ఏమీ చూపించదు, అంకెలు చూడ్డానికి బుద్ధిగా పెరుగుతూనే ఉంటాయి, కానీ అన్నీ తప్పే. 1 కాయకి ఒకటి కంటే ఎక్కువ రకాలు కనబడినప్పుడు గానీ నాకు తెలియలేదు. హెడ్డింగులు పెట్టుకోవాలంటే 1వ వరసలో పెట్టుకోండి, అక్కడిదాకా ఏ ఫార్ములా చేరదు. ఏఈ కాలమ్‌లో మొదటి అంకెలు మీ కాగితం మీదవాటితో కలిశాయా లేదా చూసుకున్నాకే ముందుకెళ్ళండి.

ఇప్పుడు అసలు పని. అంకెలన్నీ ఒకే కాలమ్‌లో నిలువుగా ఉంటే కంటికి ఏమీ అందదు, పెరుగుతున్నాయి అన్నది తప్ప. వాటిని వేరే ఆకారంలో పరవాలి. వరసకి నాలుగు చొప్పున పరవండి, ఆరు చొప్పున పరవండి, ప్రతిసారీ నిలువుగా చూస్తూ పోండి. కాపీ పేస్ట్ కాకుండా ఒకట్రెండుసార్లు చేత్తో రాయమని నా సలహా, చెయ్యి నెమ్మదిగా కదిలితే కన్ను కూడా అక్కడే ఉంటుంది. నాలుగులో నాకేమీ కనబడలేదు. ఐదు చొప్పున పరిస్తే ఇదిగో:

1, 1, 2, 3, 5
7, 11, 15, 22, 30
42, 56, 77, 101, 135
176, 231, 297, 385, 490
627, 792, 1002, 1255, 1575
1958, 2436, 3010, 3718, 4565

చివరి నిలువు వరస చూడండి. 5, 30, 135, 490, 1575, 4565. మా అమ్మాయి వేలు పెట్టి పైనుంచి కిందికి జరుపుతూ వచ్చి, "అన్నిటికీ చివర సున్నా, లేకపోతే ఐదు" అంది. అంటే అన్నీ 5తో భాగించబడతాయి. 4, 9, 14, 19, 24, 29 కాయలు, ఎప్పుడూ 4 నుంచి మొదలై ఐదేసి పెరుగుతూ. ఆ క్షణంలో నాకు ఒళ్ళు జలదరించింది, ఎందుకంటే కుప్పలు పోయడంలో 5కి ప్రత్యేకంగా పనేమీ లేదు, ఎక్కణ్ణుంచి వచ్చింది ఇది?

తొందరపడొద్దు. ఒక అంకెని 5తో భాగిస్తే శేషం ఐదు రకాలుగా రావచ్చు, ఆరుసార్లూ సున్నాయే రావడం ఊరికే జరగాలంటే 15,625లో ఒక అవకాశం. అది చిన్నదే, కానీ మనం రకరకాలుగా పరిచి, ఎన్నో నిలువు వరసల్లో వెతికాం, వెతికే చోట్లు పెరిగేకొద్దీ ఎక్కడో ఒకచోట ఊరికే కనబడే అవకాశమూ పెరుగుతుంది. అందుకే ఎన్ని రకాలుగా పరిచి చూశారో, ఏమీ కనబడనివి కూడా, నోట్‌బుక్‌లో రాయండి. ఇంకోటి, 15, 385, 1255, 3010 చివరి నిలువు వరసలో లేకపోయినా 5తో భాగించబడుతున్నాయి. దానివల్ల మన ఊహకి ఏమీ కాదు, చివరి నిలువు వరసలో ఉన్నవన్నీ భాగించబడతాయనే మనం అన్నాం, మిగతావి భాగించబడవని అనలేదు. ఇప్పుడు ఊహ రాసి, తేదీ వేసి, షీట్‌ని 39 దాకా పెంచండి, దానికి కాలమ్‌లు కూడా 39 కాయల కుప్ప దాకా పెరగాలి. 34కి 12310, 39కి 31185 వస్తాయి.

ఇది ముందుగా చూసింది రామానుజన్. సైన్యంలో పనిచేసి గణితంలోకి వచ్చిన పెర్సీ మెక్‌మాన్ 200 దాకా ఈ అంకెలన్నీ చేత్తోనే వేశాడు, 200 దగ్గర అది 39,72,99,90,29,388, దాదాపు నాలుగు లక్షల కోట్లు. 1918లో హార్డీ, రామానుజన్ ఇదే విషయం మీద రాసిన పేపర్‌లో ఆ పట్టిక ఉంది. పట్టిక చూసి రామానుజన్ 5 సంగతీ, దాంతో పాటే 7, 11 సంగతీ పట్టుకున్నాడు, 1919లో 5కీ 7కీ రుజువులు కూడా ఇచ్చాడు. మెక్‌మాన్ చేతి లెక్క ఆయనకి ఎట్టా ఉపయోగపడిందో, మనకి ఈ షీట్ అట్టా. అంకెలు వెయ్యడానికి నెలల తరబడి కూర్చోనక్కర్లేదు, చూడ్డం మాత్రం ఇప్పటికీ మన పనే.

7 కోసం వరసకి ఏడు చొప్పున పరవండి, ఆరో నిలువు వరసలో 7, 77, 490, 2436 కనబడతాయి. 11 కోసం పదకొండు చొప్పున, ఏడో నిలువు వరస, 11, 297, 3718. ఇక్కడికి వచ్చాక ఎవరికైనా వచ్చే ప్రశ్న, మరి 13? వరసకి పదమూడు చొప్పున పరిస్తే మొదటి వరసలోనే తేలిపోతుంది, 1 నుంచి 77 దాకా ఆ పదమూడు అంకెల్లో 13తో భాగించబడేది ఒక్కటీ లేదు, కాబట్టి ఏ నిలువు వరసా పనికిరాదు. 2కీ, 3కీ కూడా అంతే, మీరే చూసుకోవచ్చు. ఇంత సూటిగా ఉండే వరస 5, 7, 11లకి తప్ప ఇంకే ప్రధాన సంఖ్యకీ లేదని 2003లో ఆల్‌గ్రెన్, బాయ్‌లన్ రుజువు చేశారు. 13కి ఒకటి ఉంది గానీ చాలా లోతున ఉంది, 1960లలో అట్కిన్ కనిపెట్టాడు, 237 కాయలతో మొదలై 17,303 చొప్పున పెరగాలి. దాన్ని పరిచి చూసి పట్టుకోవడం మన షీట్ వల్ల కాదు.

రామానుజన్ ఇంకో అడుగు వేశాడు. 24 దగ్గర 1575 ఉంది గదా, అది 25తో కూడా పోతుంది. అట్టాగే 5, 7, 11 ఎన్నిసార్లు గుణించుకున్నా ఇలాంటి వరసలే ఉంటాయని ఊహించాడు. 7 మూడుసార్లు గుణిస్తే 343, ఆ ఊహ ప్రకారం 243 కాయల దగ్గర వచ్చే అంకె 343తో భాగించబడాలి. హన్స్‌రాజ్ గుప్తా ఆ పట్టికని 300 దాకా పెంచాడు, అది చూసి 1934లో సర్వదమన్ చావ్లా అక్కడ వేలు పెట్టాడు. 243 దగ్గర అంకె 13,39,78,25,93,44,888. అది 49తో పోతుంది, 343తో పోదు. రామానుజన్ ఊహ కూడా ఒక్క అంకె దగ్గర ఆగింది, అంటే మన ఆయిలర్ ఫార్ములా 1681 దగ్గర ఆగినట్టే. ఊహని కాస్త సరిచేస్తే 7 విషయంలో నిలబడుతుందని 1938లో వాట్సన్ రుజువు చేశాడు.

ఈ 243ని మీ షీట్‌లో మీరే చూడాలి. ఎక్సెల్ 15 అంకెల దాకా కచ్చితంగా పట్టుకుంటుంది, ఈ సంఖ్యలో సరిగ్గా 15 అంకెలున్నాయి, కాబట్టి పడుతుంది. కానీ మన పద్ధతిలో 243 కాలమ్‌లు కావాలి, ఒక్కోదాంట్లో విడిగా ఫార్ములా, ఆ టెన్షన్ వద్దు. ఒకే కాలమ్‌లో, ఒకే ఫార్ములాతో కిందికి లాగే దారి ఆయిలర్ చూపించాడు, వచ్చే పాఠం దానిమీదే. ఈలోపు ఒకటి చేసి ఉంచండి. చివరి కాలమ్‌లో 7 కాయల దగ్గర ఉన్న 15ని తీసుకుని, దానికి ఒకటి పైనా, రెండు పైనా ఉన్న అంకెలు కలిపి చూడండి, 11, 7 కలిపితే 18, మనకి కావలసింది 15, తేడా 3. 8, 9, 10 కాయల దగ్గర కూడా ఇదే తేడా రాసుకోండి, 20 దాకా వెళ్ళండి. ఆ తేడాల్లో మొదట కనబడేవి అదే కాలమ్‌లో పైన ఎక్కడో ఉన్న రెండేసి అంకెలు కలిపితే వచ్చేవే, ఆ రెండూ ఎన్ని వరసల పైన ఉన్నాయో వెతికి, ఊహ రాసి, తేదీ వెయ్యండి.